దూకకముందు జరిగేదే అసలు సినిమా

గోడలు, మిద్దెల వంటి అడ్డంకులను పరుగుతో, గెంతుతో దాటే ఆట పార్కూర్. దాని ఆటగాళ్ళ మీద వచ్చే వీడియోలు చాలామట్టుకు ఒకే తీరుగా సాగుతాయి. ఒక యువకుడు మిద్దె అంచుకేసి పరిగెత్తుకొస్తాడు, రెండు భవనాల మధ్య ఖాళీ మీదుగా ఎగురుతాడు, అవతలి మిద్దె మీద పల్టీకొట్టి లేచి అదే ఊపులో మరో గోడ ఎక్కేస్తాడు. ఇంతలో షాట్ మారిపోయి వేరే నగరం, వేరే మిద్దె, వేరే గెంతు వస్తాయి. వీడియో ఎడిటింగే నా జీవనాధారం కాబట్టి, ఇలాంటివి చూస్తున్నప్పుడు నా చూపు ఆటగాడి కాళ్ళ మీద కంటే కత్తెర పడిన చోటి మీదే ఎక్కువగా నిలుస్తుంది. ఆ కత్తెర దాదాపు ఎప్పుడూ పరుగు మొదలయ్యే క్షణం దగ్గరే పడుతుంది. అంతకుముందు జరిగినదంతా చెత్తబుట్టలోకి పోతుంది. పార్కూర్‌ను డాక్యుమెంటరీగా తీయాలనుకునేవారు అన్నిటికన్నా ముందు తీయవలసినది ఆ పోయిన భాగమేనని నా వాదన. దాన్ని వదిలేసిన సినిమా ఎంత అందంగా ఉన్నా ఆటగాడి గురించి ఏమీ చెప్పదు; అతని శరీరం గాల్లో ఉన్న ఒక్క సెకను గురించి మాత్రమే చెబుతుంది.

ఆ భాగంలో ఏముంటుందో కొంచెం వివరంగా చెప్పాలి. ఒక గోడ అంచు మీది నుంచి మరో గోడ అంచు మీదికి దూకి, అక్కడే కదలకుండా నిలబడటాన్ని ఈ ఆటలో ప్రెసిషన్ అంటారు. చూసేవారికి అది ఒక గెంతు; చేసేవాడికి ఎన్నో పనుల చివర వచ్చే పని. ముందుగా అతను అవతలి గోడ దగ్గరికి నడిచి వెళ్ళి, అంచును మడమతో గట్టిగా తన్ని చూస్తాడు: పెచ్చులు ఊడుతున్నాయా, ఇటుక కదులుతోందా, పైనున్న సిమెంటు పూత డొల్లగా మోగుతోందా అని. అరచేత్తో దుమ్ము తుడుస్తాడు, నాచు ఉంటే గీకుతాడు, బూట్ల అడుగున పట్టిన ఇసుకను చేత్తో రుద్ది వదిలిస్తాడు. రెండు గోడల మధ్య దూరాన్ని అడుగు ముందు అడుగు పెట్టి కొలిచి, అదే కొలతను నేల మీద గుర్తు పెట్టుకుని, పడినా ఏమీ కాని చోట అదే గెంతును పదే పదే దూకుతాడు. ఆ తర్వాతే పైకెక్కుతాడు. అక్కడ నిలబడేసరికి, నేల మీద అవలీలగా దూకిన దూరమే దాటరానిదిగా కనిపిస్తుంది. చేతులు వెనక్కి ఊపుతాడు, మోకాళ్ళు వంచుతాడు, మడమలు లేస్తాయి, మళ్ళీ ఆనుకుంటాయి. వెనక్కి తిరిగి రెండడుగులు వేసి, ఊపిరి పీల్చుకుని, మళ్ళీ అంచుకు వస్తాడు. ఒక్కోసారి ఇలాగే చాలాసేపు గడిచిపోతుంది. ఒక్కోసారి ఇవాళ్టికి వద్దనుకుని మెట్లు దిగి వెళ్ళిపోతాడు. వాళ్ళ పరిభాషలో ఈ అడ్డును దాటడమే ‘జంప్ బ్రేక్ చేయడం’. ఒకసారి దాటిన తర్వాత అదే గెంతు రెండోసారికి సాధారణంగా చాలా తేలికైపోతుంది.

ఈ ఆట పుట్టుకలోనే ఈ ఓపిక ఉంది. పారిస్‌కు దక్షిణాన ఉన్న లీస్, ఎవ్రీ శివారు పట్టణాల్లో 1980ల చివరి నుంచి డావిడ్ బెల్, సెబాస్టియన్ ఫూకాన్, తర్వాత యమకాసి పేరుతో ప్రసిద్ధులైన వారి మిత్రులు కలిసి దీన్ని అభ్యసించారు. డావిడ్ తండ్రి రేమండ్ బెల్ పారిస్ అగ్నిమాపక దళంలో పనిచేశాడు. ఆయన నేర్చిన వ్యాయామాల వెనక ఫ్రెంచి నావికాదళ అధికారి జార్జ్ ఎబెర్ ప్రచారం చేసిన, పరుగు, గెంతు, ఎక్కడం వంటి కదలికలతో సాగే సహజ పద్ధతి, సైనికుల అవరోధ శిక్షణ ఉన్నాయి. మంటల్లోకి వెళ్ళి తిరిగి రావలసిన మనిషి ఇచ్చిన శిక్షణ ఇది. అందులో తిరిగి రావడం ముఖ్యం. లీస్‌లో చెరువు పక్కనున్న డామ్ దు లాక్ అనే ఎత్తైన కాంక్రీటు శిల్పం మీద ఆ కుర్రాళ్ళు ఏళ్ళ తరబడి ఎక్కుతూ దిగుతూ గడిపారు. ఆ ఏళ్ళను చిత్రీకరించినవారు చాలా తక్కువ. ప్రపంచం వారిని మొదట చూసింది మాత్రం ప్రకటనల్లోనూ కథాచిత్రాల్లోనూ. లుక్ బెస్సన్ నిర్మాణంలో 2001లో యమకాసి చిత్రం వచ్చింది. 2002లో బీబీసీ వన్ తన ప్రచార చిత్రంలో డావిడ్ బెల్‌ను లండన్ మిద్దెల మీదుగా ఇంటికి పరిగెత్తించింది. ఒక విచిత్రం చెప్పాలి. యమకాసి కథ మొదలయ్యేదే వాళ్ళను చూసి అనుకరించబోయి చెట్టెక్కిన గుండెజబ్బు పిల్లవాడు ప్రాణాపాయంలో పడటంతో. అనుకరణ ప్రమాదం గురించి మొదట హెచ్చరించింది ఒక వ్యాపార చిత్రమే అన్నమాట. ఆ తర్వాత డాక్యుమెంటరీలు తీసినవారిలో చాలామంది ఆపాటి జాగ్రత్త కూడా చూపలేదు.

2003లో ఛానల్ 4 ప్రసారం చేసిన జంప్ లండన్ ఈ కళకు మొదటి పెద్ద డాక్యుమెంటరీ. మైక్ క్రిస్టీ దర్శకత్వంలో ఫూకాన్, మరో ఇద్దరు ఫ్రెంచి ఆటగాళ్ళు రాయల్ ఆల్బర్ట్ హాల్, షేక్‌స్పియర్ గ్లోబ్ నాటకశాల, థేమ్స్ నదిలో నిలిపి ఉంచిన యుద్ధనౌక హెచ్‌ఎమ్‌ఎస్ బెల్‌ఫాస్ట్ వంటి చోట్ల దూకారు. ఆంగ్ల ప్రేక్షకుల కోసం ఫ్రీ రన్నింగ్ అనే పేరు వాడుకలోకి వచ్చింది ఆ చిత్రంతోనే. చారిత్రక కట్టడాల మీద తీయాలంటే అనుమతులు తప్పవు కాబట్టి, ఆ సన్నాహమంతా కథలో భాగమై, ఆటగాళ్ళు మాటలాడే మనుషులుగా కనిపిస్తారు. అయినా అది ప్రేక్షకుల గుండెల్లో మిగిల్చింది పైకప్పుల మీది పరుగునే. 2005లో గాజాలోని ఖాన్ యూనిస్‌లో అబ్దుల్లా అన్షాసీ ఆ చిత్రాన్ని చూసి తన స్నేహితుడు మహమ్మద్ జఖ్‌బీర్‌తో కలిసి సాధన మొదలుపెట్టాడు. గాజా పార్కూర్ జట్టు అలా పుట్టింది. వారికి ఆల్బర్ట్ హాల్ లేదు. శ్మశానం గోడలున్నాయి, ఇసుక దిబ్బలున్నాయి. లండన్‌లో తీసిన ఒక టీవీ కార్యక్రమం ఎవరికి గురువు అవుతుందో తీసినవారు ఊహించి ఉండరు. కానీ డాక్యుమెంటరీకి పాఠం చెప్పే ఉద్దేశం ఉన్నా లేకపోయినా, కోచ్ లేని ఊళ్ళో అదే కోచ్ అవుతుంది. పాఠంలో గెంతు ఉండి, గోడను తన్ని చూడటం లేకపోతే, నేర్చుకునేవాడు నేర్చేది సగమే.

ఇక కెమెరా చేసే మోసం సంగతి. వైడ్ లెన్స్‌ను మిద్దె అంచుకు ఆనించి, కిందినుంచి పైకి పెట్టి తీస్తే, దగ్గరి వస్తువు పెద్దదై, దూరపు వస్తువు చిన్నదై, మధ్యలో ఉన్న ఖాళీ సాగిపోతుంది; మామూలు గెంతు కూడా లోయ దాటినట్టు కనిపిస్తుంది. చిన్న యాక్షన్ కెమెరాలు దాదాపు అన్నీ వైడ్ లెన్స్‌తోనే వస్తాయి కాబట్టి, గత పదిహేనేళ్ళలో ఈ సాగుడు మనకు అలవాటైపోయింది. పొడవాటి లెన్స్‌తో ఎదురుగా నిలబడి తీస్తే దీనికి విరుద్ధంగా రెండు మిద్దెలూ ఒకదానికొకటి అతుక్కుపోతాయి, దూకినవాడి కష్టమే కనిపించదు. సెకనుకు 120 ఫ్రేముల చొప్పున తీసి 24 చొప్పున నడిపితే, సెకను కూడా పట్టని గెంతు దానికి అయిదు రెట్ల సేపు గాల్లో తేలుతుంది. ఇవన్నీ నేను రోజూ చేసే పనులే, వీటిని తప్పని అనను. కానీ డాక్యుమెంటరీ అనే పేరు పెట్టుకున్నాక, కనీసం ఒక్కసారి పక్కనుంచి, ఆటగాడి నడుము ఎత్తులో, కత్తిరింపు లేకుండా, మామూలు వేగంతో ఆ దూరాన్ని చూపించాలి. ఆ షాట్ లేని సినిమాలో నేను ఏ గెంతునూ నమ్మను.

తెలుగు ప్రేక్షకులకు ఈ అపనమ్మకం సహజం. ఫైట్ సీన్లలో రోప్ షాట్లు చూసీ చూసీ, ఏ పార్కూర్ వీడియో కనిపించినా కింద వ్యాఖ్యల్లో మొదటి ప్రశ్న ‘రోప్ ఉందా?’ అనే వస్తుంది. మన ‘పరుగు’ చిత్రాన్ని 2014లో హీరోపంతీగా హిందీలో తీసినప్పుడు టైగర్ ష్రాఫ్ చేసిన విన్యాసాలు చూసినప్పుడు కూడా చాలామంది అదే అడిగారు. తాడు లేదని నమ్మించడానికి దర్శకుడి దగ్గర ఉన్న గొప్ప సాక్ష్యం భయం. వెనక్కి తగ్గే కాళ్ళను, చెమట పట్టిన అరచేతులను, మూడుసార్లు వచ్చి ఆగిపోయిన పరుగును చూసినవారెవరూ తాడు గురించి అడగరు. ఊళ్ళో దొమ్మరాట చూసిన పెద్దవాళ్ళను అడగండి. గడ పాతి, తాళ్ళు లాగి, మేకులు తట్టి, గడను పట్టుకుని ఊపి చూసి, ఆ తర్వాతే మనిషి పైకెక్కేవాడు. జనం ఆ తంతు అంతా చుట్టూ కూర్చుని చూసేవారు, డప్పు ఆ సమయాన్ని నింపేది. పైకెక్కినవాడి మీద వాళ్ళకు కలిగే ఆదరం అక్కడే మొదలయ్యేది. కళ్ళెదుట జరిగే ఆటలో కత్తెరకు చోటు లేదు.

నేను చెబుతున్న పనిని పెద్ద ఎత్తున చేసి చూపింది ఇంగ్లండ్‌కు చెందిన స్టోరర్ జట్టు. 2010లో ఏర్పడిన ఈ జట్టు తమ వీడియోలు తామే తీసుకుంటుంది. 2017లో వారు విడుదల చేసిన రూఫ్ కల్చర్ ఏషియా పూర్తి నిడివి డాక్యుమెంటరీ. హాంకాంగ్ వంటి ఆసియా మహానగరాల మిద్దెల మీద, అనుమతులు లేకుండా సాగిన ప్రయాణం. అనుమతి లేకుండా ఇతరుల భవనాల మీదికెక్కడాన్ని నేను సమర్థించను, ఆ ఎత్తులు చూస్తున్నంతసేపూ నాకు అరికాళ్ళు జిల్లుమంటూనే ఉంటాయి. కానీ సినిమాగా అది చేసిన పని వేరు. పెద్ద గెంతు ఎదురైన ప్రతిచోటా కెమెరా ఆగుతుంది. సభ్యులు అంచు దగ్గరికి వెళ్ళి తొంగి చూడటం, అవతలి వైపు ఎక్కడ వాలాలో వేలితో చూపించుకోవడం, పాదం పట్టు పరీక్షించడం, తమలో తాము గొణుక్కోవడం, ఒకరి ముఖంలోకి ఒకరు చూసుకోవడం, దూకబోయి ఆగిపోవడం, ఇవన్నీ సినిమాలో గణనీయమైన భాగం. ఆ తర్వాత గెంతు వచ్చినప్పుడు అది మనకు ఆశ్చర్యంగా అనిపించదు; వాళ్ళతో పాటు లెక్క వేసుకున్నాం కాబట్టి, లెక్క సరిపోయిందన్న ఊరటగా అనిపిస్తుంది. ప్రేక్షకుడిలో ఆ మార్పు తేవడమే డాక్యుమెంటరీ పని. తర్వాత ఈ జట్టు మైకేల్ బే తీసిన 6 అండర్‌గ్రౌండ్ (2019) చిత్రంలో ఫ్లోరెన్స్ పైకప్పుల మీద పనిచేసింది, అదే దర్శకుడు వీరి మీద తీసిన డాక్యుమెంటరీ 2025లో అమెరికాలోని సౌత్ బై సౌత్‌వెస్ట్ ఉత్సవంలో ప్రదర్శితమైంది. ఎంత పెద్ద పేరు చేరినా, వీరి సొంత కెమెరాలో కనిపించే తటపటాయింపుకు నేనిచ్చే విలువ వేరు.

దీనికి ఎదురుగా 2009 నాటి డేనిష్ డాక్యుమెంటరీ మై ప్లేగ్రౌండ్ ఉంది. కాస్పర్ ఆస్ట్రప్ ష్రోడర్ తీసిన ఈ చిత్రం పార్కూర్‌కూ నగర నిర్మాణానికీ ఉన్న సంబంధం గురించి, వాస్తుశిల్పి బ్యార్కె ఇంగెల్స్ వంటివారితో మాట్లాడిస్తుంది. భవనాల గురించి తెలివైన సినిమా. ఆటగాళ్ళు మాత్రం వాస్తుశిల్పి నమూనాలో కొలత కోసం నిలబెట్టే బొమ్మల్లా మిగిలారనిపించింది నాకు.

పోటీల ప్రసారాల గురించి ఎక్కువ చెప్పనక్కరలేదు. అంతర్జాతీయ జిమ్నాస్టిక్స్ సమాఖ్య 2018లో పార్కూర్‌ను తన విభాగాల్లో చేర్చుకుంది, చాలామంది ఆటగాళ్ళు దాన్ని వ్యతిరేకించారు, 2022లో టోక్యోలో మొదటి ప్రపంచ పోటీలు జరిగాయి. అక్కడ గడియారం పరుగుతోనే మొదలవుతుంది, కెమెరాకు వేరే దారి లేదు.

నా వాదనకు బలమైన అభ్యంతరం ఒకటుంది. భయాన్ని చూపించడం కూడా ఒక వ్యాపారమే కదా అంటారు. నిజమే. గుండె చప్పుడును నేపథ్యంలో పెంచి, శ్వాసను మైకులో వినిపించి, కన్నీటి పొర కమ్మిన కళ్ళను దగ్గరగా చూపించి, చివరకు నిశ్శబ్దం చేసి దూకించే పద్ధతి ఇప్పుడు బాగా నలిగిపోయింది. అది సన్నాహాన్ని చూపించదు, ఉత్కంఠను అమ్ముతుంది. ఈ రెంటికీ తేడా తేల్చడానికి ఎడిటర్‌గా నా దగ్గర ఒక మోటు పరీక్ష ఉంది: ఆ భాగం నుంచి సంగీతం తీసేసి చూస్తాను. సంగీతం లేకపోయినా అక్కడ ఏదో పని జరుగుతూ ఉంటే, అంటే చేతులు తుడుస్తూ, దూరం కొలుస్తూ, ఎక్కడ పట్టుకోవాలో చెప్పుకుంటూ ఉంటే, అది సన్నాహం. సంగీతం తీయగానే ఒక మనిషి ఊరికే దిగులుగా నిలబడి ఉంటే, అది ఎడిటర్ కల్పించిన భయం. మరో అభ్యంతరం విసుగు గురించి. దానికి నేను పెద్దగా సానుభూతి చూపను. క్రికెట్‌లో బౌలర్ బంతిని ప్యాంటుకు రుద్దుకుంటూ నడిచి వెళ్ళడాన్ని రోజుల తరబడి చూసే జాతి మనది.

కెమెరా తటస్థమైన సాక్షి కాదన్న సంగతి దీనికంటే తీవ్రమైనది. ఒక చిన్న ప్రకటన చిత్రీకరణలో నేను పక్కన ఉండగా, ప్రహరీ గోడ దూకవలసిన కుర్రవాడు ఇంకొక్క రిహార్సల్ అడిగాడు. ఎవరూ కాదనలేదు, అందరూ ఒకసారి ఎండ వైపు చూశారు, అంతే. అతను రిహార్సల్ లేకుండానే దూకాడు, దెబ్బలేమీ తగల్లేదు. కానీ ఆ చూపు చేసిన పనిని నేను మరిచిపోలేదు. కెమెరా తిరుగుతున్నప్పుడు ‘ఇవాళ వద్దు’ అనడానికి దూకడం కంటే ఎక్కువ ధైర్యం కావాలి. ఇది ఎంతదూరం పోతుందో చైనాలో చూశాం. ఆకాశహర్మ్యాల అంచుల మీద వీడియోలు తీసుకునే వూ యోంగ్‌నింగ్ 2017 నవంబరులో చాంగ్షా నగరంలో 62 అంతస్తుల భవనం మీది నుంచి పడి చనిపోయాడు. అతనే అమర్చుకున్న కెమెరాలో అది రికార్డయింది. అతను చేసింది పార్కూర్ కాదు, ఎత్తుల మీద వేలాడటం. పార్కూర్ సాధకులు ఆ తేడాను పట్టుబట్టి చెబుతారు, చెప్పాలి కూడా. అయినా 2019లో బీజింగ్ ఇంటర్నెట్ కోర్టు ఇచ్చిన తీర్పు సినిమా తీసేవారందరికీ వర్తించేదే. అతని వీడియోలను ప్రసారం చేసి లాభపడిన ఆన్‌లైన్ వేదికకు ఆ మరణంలో కొంత బాధ్యత ఉందని తేల్చి, తల్లికి 30,000 యువాన్లు ఇవ్వాలని ఆదేశించింది. మొత్తం చిన్నదే, కానీ చూపించేవాడికి పూచీ ఉందని ఒక న్యాయస్థానం రాతపూర్వకంగా ఒప్పుకుంది.

అందుకే కెమెరా పట్టుకున్న మనిషి ఎవరన్నది ముఖ్యం. పార్కూర్ మీద బ్రూనెల్ విశ్వవిద్యాలయంలో పరిశోధన చేసి డాక్టరేట్ పొందిన జూలీ ఏంజెల్, తను కూడా సాధన చేస్తూ, ఫ్రాన్స్ తొలితరం వారితో, లండన్ ఆటగాళ్ళతో ఏళ్ళ తరబడి తిరిగి చిత్రాలు తీసింది. ఏ గోడ దగ్గర ఎంతసేపు ఆగాలో శరీరంతో తెలిసిన మనిషి కెమెరాను ఆపదు, ఆటగాణ్ణి తొందరపెట్టదు. స్టోరర్ వారి చిత్రాల్లోనూ కెమెరామన్ ఆ జట్టువాడే. వద్దనుకుని దిగివచ్చిన స్నేహితుణ్ణి చిన్నబుచ్చే ఉద్దేశం అతనికుండదు. బయటివారు తీయకూడదని కాదు నేననేది. బయటివారు తీస్తే, దూకకుండా దిగివచ్చిన రోజుకు కూడా డబ్బు చెల్లించే ఒప్పందం రాసుకోవాలి, ఆ దిగిరావడాన్ని సినిమాలో ఉంచాలి.

గాజా చిత్రాల దగ్గర నా వాదన ఇంకో రూపం తీసుకుంటుంది. ఇటలీకి చెందిన ఎమాన్వెలె జెరోజా 2019లో తీసిన వన్ మోర్ జంప్, పాలస్తీనా మూలాలున్న అరీబ్ జుఐతర్ 2024లో తీసిన యల్లా పార్కూర్, రెండింటిలోనూ ఆటగాడు దాటవలసిన పెద్ద ఖాళీ రెండు మిద్దెల మధ్యది కాదు, సరిహద్దుది. మొదటి చిత్రంలో జట్టు స్థాపకుల్లో ఒకడైన అబ్దుల్లా ఇటలీ చేరుకుని బతుకు వెతుక్కుంటుంటే, మిత్రుడు జిహాద్ గాజాలో పిల్లలకు సాధన నేర్పుతూ ఉండిపోతాడు. రెండో చిత్రంలో అమెరికాలో ఉంటున్న దర్శకురాలు, గాజాలోని అహ్మద్ మతర్ అనే యువకుడితో ఏళ్ళ తరబడి వీడియో కాల్స్‌లో మాట్లాడుతుంది. అతను తన ఫోన్‌లో గాజాను చూపిస్తాడు, శిథిలాల మీద దూకుతాడు, బయటికి వెళ్ళే కాగితాల కోసం ఎదురుచూస్తాడు. ఆ ఎదురుచూపే సినిమా. దర్శకురాలు దాన్ని కత్తిరించి, గెంతులను మాత్రమే కూర్చి ఉంటే, బాంబుల మధ్య నవ్వే కుర్రాళ్ళ అందమైన రీలు ఒకటి మనకు దక్కేది. అలాంటివి ఇప్పటికే చాలా ఉన్నాయి, చూసి హృదయం గుర్తు నొక్కి మనం ముందుకు పోయాం కూడా. ఎదురుచూపును ఉంచడం వల్ల అహ్మద్ ఒక మనిషిగా మనకు పరిచయమయ్యాడు, అతని కాలం మన కాలంలా గడవదని తెలిసింది.

మూడు నిమిషాలకు మించితే ఎవరూ చూడరు, ఫోన్ తెరను నిలువుగా పట్టుకునే కాలంలో ఇదంతా ఎవరికి కావాలి అని నాతో పనిచేసే కుర్రాళ్ళు అంటారు. నిడివి సమస్య కానే కాదు. ఒక నిమిషం వీడియోలో గెంతుకు కావలసింది అయిదు సెకన్లు. మిగతా యాభై అయిదు సెకన్లలో ప్రస్తుతం మరో పది గెంతులు కుక్కుతున్నాం. వాటికి బదులు ఒకే గెంతును, దాని గోడను, దాని దుమ్మును, రెండు తటపటాయింపులను ఉంచవచ్చు, అది కూడా నిమిషమే. అడ్డంకి వేరే చోట ఉంది. ఇలాంటి వీడియోలు ఎడిట్ చేయమని ఎవరైనా తెచ్చినప్పుడు, పరుగుకు ముందు తీసిన ముడి ఫుటేజీ ఇమ్మని నేను మొదట అడుగుతాను. చాలాసార్లు అది ఉండదు. ‘వాడు రెడీ అయ్యాకే ఆన్ చేశానన్నా, అప్పటిదాకా ఊరికే నిలబడ్డాడు’ అంటాడు కెమెరా పట్టుకున్న తమ్ముడు. ఎడిటింగ్ టేబుల్ మీద నేను ఎన్ని మాటలు చెప్పినా, తీయనిదాన్ని కలపలేను. ఆటగాడు గోడ దగ్గరికి నడవడం మొదలుపెట్టినప్పుడే కెమెరా ఆన్ చేసి, అతను దూకినా దూకకపోయినా దిగేదాకా ఆపకుండా ఉంచడమే ఆ తమ్ముడు చేయవలసిన పని. ఒక అదనపు బ్యాటరీ, ఒక అదనపు మెమరీ కార్డు ఉంటే చాలు.